మొహమాటం లేని పెట్టెలు

మా బావగారికి వేలంపాటలంటే ప్రీతి. పాటలంటే అంతకన్న ప్రీతి. ఈ రెండు ప్రీతులూ ఒకచోట కలిస్తే ఏమవుతుందో పోయిన వేసవిలో మా అక్కయ్య కళ్ళారా చూసింది. ఊళ్ళో ఒక చిన్న రికార్డింగు గది మూతపడి, అందులోని సామాన్లు పాటకు పెట్టారు. మైకులు, కుర్చీలు, ఏ.సి. మిషను, ఆఖరికి గోడలకు కొట్టిన దూది అట్టలు కూడా అమ్ముడుపోయాయి. ఓ మూల దుమ్ముకొట్టుకుని ఉన్న రెండు చెక్కపెట్టెల వంక మాత్రం ఎవరూ చూడలేదు. బావగారు చూశారు. చూసి ఊరుకోలేదు. ఆటోలో వేయించి ఇంటికి తెచ్చారు.

"ఇవేమిటండీ? పాత బట్టలు పెట్టుకోవడానికా?" అంది అక్కయ్య.

"స్పీకర్లు."

"మనకున్నాయిగా! టీవీ కింద సన్నగా, నాజూగ్గా..."

"అవి వేరు. ఇవి స్టూడియో మానిటర్లు."

"మానిటరంటే నాకు తెలుసు. మా బళ్ళో, మేష్టారు లేనప్పుడు ఎవరు అల్లరి చేశారో బోర్డు మీద పేర్లు రాసేవాడు."

"అక్షరాలా ఇవి చేసేదీ ఆ పనే!" అన్నారు బావగారు.

ఆ మాట వేళాకోళానికన్నదే కాని, అంతకంటె బాగా ఎవరూ చెప్పలేరు. స్టూడియోలో గాజు అద్దానికి అవతల పాడేవారు ఉంటారు. ఇవతల ధ్వనిని సరిచూసే ఇంజనీరు ఉంటాడు. ఆయన ఎదుట ఉండే స్పీకరే మానిటరు. పాడేవారికి శ్రుతి తప్పితే చెప్పాలి. మైకు దగ్గర కాగితం రెపరెపలాడితే చెప్పాలి. ఫిడేలు మృదంగాన్ని మింగేస్తూంటే చెప్పాలి. ఎవరి ముఖం చూసీ మాట మింగకూడదు.

ఇళ్ళలోకని చేసే స్పీకరు సంగతి వేరు. అది ముందు దుకాణంలో అమ్ముడుపోవాలి. పక్కన పది స్పీకర్లు పెట్టి, రెండేసి నిమిషాలు వినిపించే చోట, వినేవాడు "ఆహా!" అనాలి. అందుకని చాలామంది తయారీదార్లు అడుగు స్వరాలను కాస్త ఉబ్బిస్తారు. పై స్వరాలకు కాస్త మెరుగు పెడతారు. ఫోటో స్టూడియోవాడు పెళ్ళికొడుకు బుగ్గల మీద మచ్చలు చెరిపేసినట్టన్నమాట. అందులో తప్పేమీ లేదు. అయితే అలాంటి స్పీకరు పెట్టుకుని ఇంజనీరు పాటను దిద్దాడనుకోండి. స్పీకరు ఉబ్బించిన మృదంగాన్ని విని, "అబ్బో, మోత ఎక్కువైంది" అని తగ్గిస్తాడు. ఆ పాట బయటికి వెళ్ళాక ఊరందరి ఇళ్ళలోనూ మృదంగం లేకుండానే వినిపిస్తుంది. స్పీకరు ఒక్క అబద్ధమాడితే ఊరంతా శిక్ష అనుభవించాలి. కనుకనే స్టూడియోవారికి మొహమాటం లేని పెట్టె కావలసి వచ్చింది.

ఈ విషయంలో అందరికంటె ఎక్కువ తాపత్రయపడింది ఇంగ్లండులోని బి.బి.సి. రేడియోవారు. వారికి ఎన్నో ఊళ్ళలో ఎన్నో స్టూడియోలు. ఇవాళ ఈ గదిలో కూర్చున్న ఇంజనీరు రేపు మరో గదిలో కూర్చుంటాడు. రెండు చోట్లా ఒకే గొంతు ఒకే విధంగా వినిపించకపోతే ఆయన ఏ చెవిని నమ్మాలి? అందుకని బి.బి.సి. పరిశోధనశాఖ తన స్పీకర్లను తానే రూపొందించుకుంది. షార్టర్, హార్‌వుడ్ వంటి ఇంజనీర్లు ఏళ్ళ తరబడి ఇదే పని మీద ఉన్నారు. కొలిచే యంత్రాలు వారి దగ్గర ఉన్నాయి. కాని ఆఖరి తీర్పు యంత్రానికి వదిలిపెట్టలేదు. స్టూడియోలో ఒక మనిషి మాట్లాడుతూంటే అక్కడికి వెళ్ళి నేరుగా వినేవారు. వెంటనే ఇవతలి గదిలోకి వచ్చి, అదే గొంతును స్పీకరులో వినేవారు. రెండూ ఒకటిగా ఉన్నాయా, లేదా? అదీ పరీక్ష.

సంగీత వాద్యాలు ఎన్నో ఉండగా మనిషి మాటనే ఎందుకు పట్టుకున్నారంటే, మన చెవికి అంత బాగా తెలిసిన ధ్వని మరొకటి లేదు. వీణ నాదంలో చిన్న మార్పు వస్తే విద్వాంసులు పట్టుకుంటారు. తెలిసిన మనిషి గొంతులో మార్పు వస్తే చంటిపిల్ల కూడా పట్టుకుంటుంది. ఫోనులో "హలో" అనగానే "ఏమిటే, జలుబు చేసిందా?" అని తల్లి అడుగుతుంది చూడండి, ఆ చెవికి అబద్ధం చెప్పడం కష్టం.

ఈ పరీక్షలో నెగ్గడానికి వారు రెండు శత్రువులతో పోరాడవలసి వచ్చింది. మొదటిది కోను. అంటే స్పీకరులో ముందుకూ వెనక్కూ కదిలే గరాటు. దాన్ని కాగితపు గుజ్జుతో చేసేవారు. ఒక గుజ్జు కాగితం ఇంకొక దానిలా ఉండదు. తేమ తగిలితే దాని గుణం మారుతుంది. ఇవాళ చేసిన స్పీకరూ, ఆర్నెల్ల తర్వాత చేసినదీ కవలపిల్లల్లా ఉండాలంటే కాగితంతో సాధ్యపడలేదు. అందుకని 1960లలో బెక్స్ట్రీన్ అనే ప్లాస్టిక్కు రేకును వేడిచేసి, అచ్చులో పోసినట్టు కోనుగా మలచి, దాని మీద జిగురులాంటి పూత పూశారు. ఇది కాగితం కంటె బరువు. ఆ బరువు వల్ల వచ్చిన చిక్కు తర్వాత చెబుతాను. 1970లలో హార్‌వుడ్ అంతకంటె తేలికైన పాలీప్రొపిలీన్‌తో కోను చేయవచ్చునని కనిపెట్టాడు. 1977లో సొంతంగా ఒక కంపెనీ పెట్టి, తన పేరులో మొదటి ముక్కకు భార్య ఎలిజబెత్ పేరులో చివరి ముక్క కలిపి దానికి హార్బెత్ అని పేరు పెట్టాడు. ఆయన సహోద్యోగి స్పెన్సర్ హ్యూస్ అప్పటికే స్పెండర్ అనే కంపెనీ పెట్టుకున్నాడు. అందులో "డర్" ఆయన భార్య డొరొతీది. చెవులు ఎంత శాస్త్రీయమైనా ఇంట్లో పేరు పోగొట్టుకోకూడదని ఇద్దరికీ తెలుసన్నమాట!

రెండో శత్రువు పెట్టె. కోను కదిలితే పెట్టె గోడలు కూడా వణుకుతాయి. ఆ వణుకు గొంతుకు తోడై, మనిషి కుండలో తలపెట్టి మాట్లాడినట్టుంటుంది. దళసరి చెక్క వేస్తే సరిపోతుందని మనబోటివాళ్ళం అనుకుంటాం. వారు అలా అనుకోలేదు. ఇత్తడి బిందె మీద కొట్టి చూడండి, ఖంగుమని చాలాసేపు మోగుతుంది. తడిగుడ్డ చుట్టి కొట్టండి, డుబ్బుమని ఆగిపోతుంది. అదే కిటుకు. పలచని బర్చి ప్లైవుడ్డు గోడలు పెట్టి, లోపలి వైపు తారు కలిసిన బరువైన పట్టీలు అంటించారు. గోడ వణికినా, ఆ వణుకు గొంతుకు అడ్డు రాని అడుగు స్థాయిలో పుట్టి, అక్కడే అణిగిపోతుంది.

ఈ వంశంలో పేరుమోసిన పిల్లవాడు ఎల్.ఎస్. 3/5ఎ. అడుగు ఎత్తు ఉంటుంది, బరువు ఐదు కిలోలకు కాస్త పైన. దీని పుట్టుక చిత్రమైనది. పెద్ద స్టూడియో కట్టబోయే ముందు దాని ఎనిమిదో వంతు నమూనా కట్టి, సంగీతాన్ని ఎనిమిది రెట్ల వేగంతో అందులో వినిపించి, గది ధర్మాన్ని పరీక్షించేవారు. ఆ బొమ్మరింటి పరీక్షల కోసం చిన్న స్పీకరు ఒకటి తయారుచేశారు. అది అంత చిన్నదై ఉండీ గొంతును అంత శుద్ధంగా పలికేసరికి, బయటి కార్యక్రమాలకు వెళ్ళే వ్యానులో దీన్ని పెట్టుకోవచ్చునే అనిపించింది. వ్యానులో పెద్ద పెట్టె పట్టదు కదా. దాన్ని సవరించి 1974 ప్రాంతంలో చేసిన రూపమే ఈ 3/5ఎ. కెఫ్ అనే కంపెనీ చేసిన కోనులు అందులో వాడారు. రోజర్స్, స్పెండర్ మొదలైన పలు కంపెనీలు లైసెన్సు తీసుకుని 1990ల చివరి దాకా దాన్ని తయారుచేశాయి. ఇవాళ దాని పాత జతలను వస్తుప్రియులు పోటీపడి కొంటున్నారు కనుక అది మన అందుబాటులోది కాదు. ఇంకో రహస్యం చెప్పనా? అంత నిజాయితీపరుడిలోనూ ఒక చిన్న మొహమాటం ఉంది. చిన్న పెట్టెలో అడుగు స్వరం పుట్టదు. ఆ లోటు తెలియకుండా ఉండేందుకు, దానికి కొంచెం పై స్థాయిలో ధ్వనిని పిసరంత పెంచారు. హరిశ్చంద్రుడికైనా కాస్త లౌక్యం తప్పదు కాబోలు.

ఇంతవరకూ చెప్పినవి అద్దం జాతి. ఉన్న ముఖాన్ని ఉన్నట్టు చూపిస్తాయి. స్టూడియోల్లో ఇంకొక జాతి కూడా ఉంది. అది చేట జాతి.

చేట ఎందుకు? బియ్యం చెరగడానికి. మట్టిగడ్డ, ఊక, నూక ఏది ఉన్నా పైకి తేవాలి. 1978లో జపానులో యమహా కంపెనీవారు ఎన్.ఎస్-10 అనే స్పీకరును ఇళ్ళ కోసం విడుదల చేశారు. అకిరా నకమురా దాని రూపశిల్పి. నల్లని పెట్టెలో తెల్లని కోను. ఇళ్ళవారు దాన్ని మెచ్చుకోలేదు. గొంతు ఉండే నడిమి స్థాయి ముందుకు తోసుకువస్తుంది. అడుగు స్వరం పలచన. గంటసేపు వింటే చెవి అలసిపోతుంది. ఇంట్లో చెల్లని ఆ పెట్టెను కొందరు ఇంజనీర్లు స్టూడియోకు తీసుకువెళ్ళారు. బాబ్ క్లియర్‌మౌంటెన్ అనే అమెరికన్ ఇంజనీరు వాడకంతో దానికి పేరొచ్చింది. పై స్వరాల పదును భరించలేక పలచని టిష్యూ కాగితం అడ్డంగా అతికించుకుని మరీ వాడారు. పదేళ్ళు తిరిగేసరికి ప్రపంచంలో ఏ స్టూడియో ఫోటో చూసినా ఆ తెల్ల కోను కనపడేది. కోనుకు కావలసిన గుజ్జు దొరకడం లేదని 2001లో తయారీ ఆపేశారు.

ఇంతకూ అందులో వారికి నచ్చినదేమిటి? 2001లోనే ఇంగ్లండులో సౌతాంప్టన్ విశ్వవిద్యాలయం వారి ప్రతిధ్వని లేని గదిలో ముప్ఫైకి పైగా మానిటర్లను కొలిచి చూశారు. ఎన్.ఎస్-10 ఒక విషయంలో మిగతావాటిని మించింది. ధ్వని ఆగమంటే అది చటుక్కున ఆగుతుంది. తోక మిగల్చదు. దెబ్బ ఎక్కడ మొదలై ఎక్కడ ముగిసిందో స్పష్టంగా తెలుస్తుంది. నడిమి స్థాయిని ముందుకు తోస్తుంది కనుక లోపాలన్నీ అక్కడే బయటపడతాయి. "దీని మీద బాగుంటే ఎక్కడైనా బాగుంటుంది" అని ఇంజనీర్ల నమ్మకం.

ఆరాటోన్ అనే చిన్న చదరపు పెట్టెది ఇంకా విడ్డూరం. అందులో ఉన్నది ఒక్కటే కోను, గుప్పెడంత. చవకబారు రేడియోలో, కారులో పాట ఎలా వినిపిస్తుందో స్టూడియోలోనే తెలుసుకోవడానికి దాన్ని పెట్టుకునేవారు. 1982లో మైకేల్ జాక్సన్ "థ్రిల్లర్" రికార్డుకు ఇంజనీరైన బ్రూస్ స్వీడియన్‌కు ఆ పెట్టె అంటే మహా ఇష్టం. కోట్ల రూపాయల స్టూడియోలో కూర్చుని, బీదవాడి ఇంట్లో ఎలా వినపడుతుందోనని ఆలోచించడం పెద్ద మనసే మరి.

ఇక్కడ కొనేవారు పొరపాటు పడుతున్నారు. "స్టూడియోలో వాడారు" అన్న ఒక్క మాట పట్టుకుని, పేరున్న తెల్ల కోనుల జత కోసం వెదికి, ఉన్నదంతా పోసి కొని, సాయంత్రం భానుమతి పాటో, బాలమురళి కీర్తనో వేసుకుంటారు. అరగంటకు తల నొప్పి. చేటలో అన్నం పెట్టుకుని తింటే ఏం బాగుంటుంది? చేట గొప్పది కాదని కాదు. వంటింట్లో అది లేనిదే జరగదు. భోజనానికి మాత్రం విస్తరి వేసుకోవాలి. తీరికగా కూర్చుని పాట వినేవారికి పనికివచ్చేది అద్దం జాతి. చిత్రమేమిటంటే వీటిలో పేరు మోసిన ఒకటి రెండు తప్ప మిగతావాటిని ఎవరూ అడగరు.

ఎందుకు అడగరంటే కారణాలు లేకపోలేదు. మొదటిది, కాలం మారింది. 1978లో ఫిన్లండులో జెనెలెక్ అనే కంపెనీ, ఆ దేశపు రేడియో కోసం ఆంప్లిఫయరు కడుపులోనే పెట్టుకున్న మానిటర్లు చేసింది. తరువాత తరువాత స్టూడియోలన్నీ ఆ దారి పట్టాయి. వేరే ఆంప్లిఫయరు కావలసిన పాతపెట్టెలు మూలబడ్డాయి. బి.బి.సి. వారి పెద్ద మానిటరు ఎల్.ఎస్. 5/8 గతి మరీ జాలి. దానికి ప్రత్యేకంగా మార్పు చేసిన క్వాడ్ 405 ఆంప్లిఫయరు జతగా ఉండేది. ఆ జత విడిపోతే పెట్టె అనాథే.

రెండోది, ఇందాక చెబుతానన్న చిక్కు. బరువైన కోనును కదపడానికి శక్తి ఎక్కువ కావాలి. ఒక్క వాటు ఇచ్చి, ఒక్క మీటరు దూరంలో కొలిస్తే, 3/5ఎ సుమారు 83 డెసిబెల్స్ పలుకుతుంది. మామూలు ఇంటి స్పీకరు 89 దాకా పలకవచ్చు. తేడా ఆరేగా అనుకోకండి. మూడు డెసిబెల్స్ పెంచాలంటే శక్తి రెట్టింపు కావాలి, ఆరు పెంచాలంటే నాలుగింతలు. పక్కింటి స్పీకరు పది వాట్లతో చేసే చప్పుడు చేయడానికి దీనికి నలభై వాట్లు కావాలి. దుకాణంలో రెండింటినీ పక్కపక్కన పెడితే, గట్టిగా అరిచేదే గెలుస్తుంది. పెళ్ళి పందిట్లో సన్నగా మాట్లాడే పెద్దమనిషి మాట ఎవరు వింటారు?

మూడోది రూపం. ఇవి గోడకు అతుక్కునే రకం కావు. గోడకు దూరంగా, చెవి ఎత్తున స్టాండు మీద కూర్చోవాలి. హాలులో రెండు కొత్త కుర్చీలు పట్టే చోటు ఆక్రమిస్తాయి. అక్కయ్య దృష్టిలో ఇది అన్నింటికంటె పెద్ద నేరం.

అలాగని పాత మానిటరు కనిపించగానే ఎగబడి కొనవద్దని కూడా చెప్పాలి. నలభై యాభై ఏళ్ళ సామాను. ముందు కోను అంచు చూడండి. స్పాంజి అంచు అయితే పదిహేను ఇరవై ఏళ్ళకు పొడిపొడిగా రాలిపోతుంది. మన సముద్రతీరపు ఉక్కకూ తేమకూ ఇంకా త్వరగా పోతుంది. అది మార్పించవచ్చు కాని, ఆ ఖర్చు ముందే లెక్కలో వేసుకోవాలి. రబ్బరు అంచు ఎక్కువకాలం మన్నుతుంది. రెండు చేతుల వేళ్ళూ కోను మీద సమంగా ఆనించి, మెల్లగా లోపలికి నొక్కి వదలండి. బరబరమని గీరుకున్న చప్పుడు వస్తే దండం పెట్టి వచ్చేయండి. లోపలి కండెన్సర్లు ఎండిపోయి ఉండవచ్చు. రెండు స్పీకర్లకూ ఒకే గొంతు సమానంగా ఇచ్చి, మధ్యలో కూర్చుని వినండి. ఆ గొంతు సరిగ్గా నడుమ నుంచి రావాలి. ఒక పక్కకు లాగినా, ఎక్కడి నుంచి వస్తోందో తెలియకపోయినా ఏదో తేడా ఉన్నట్టే. ఒక్కొక్కప్పుడు ప్లస్సు, మైనస్సు తీగలు తారుమారైనా అలాగే ఉంటుంది కనుక, కంగారుపడకుండా ముందు అది చూడండి. ఇక చెక్క వెనుక చెద పట్టిందేమో చూడమని మన దేశంలో వేరే చెప్పాలా?

బావగారి పెట్టెలకు కండెన్సర్లు పోయాయి. మా ఊళ్ళో ఇంకా ఒక రేడియో మెకానిక్కు ఉన్నాడు. రెండు రోజులు కూర్చుని, పాతవి తీసి, అదే విలువగలవి వేసి ఇచ్చాడు. "బాబూ, ఈ పనితనం చూడండి. తీగ వంచిన చోట కూడా కొలత ఉంది" అని ముచ్చటపడ్డాడు. అవి ఆ బి.బి.సి. బాణీలో చేసినవే. ఎనిమిదంగుళాల కోను. ముందు బిళ్ళ మీద పేరు చెరిగిపోయింది. అందుకే అంత చవక.

బాగుచేసి తెచ్చాక బావగారు బి.బి.సి. పరీక్ష పెట్టారు. అక్కయ్యను డాబా మీద నిలబెట్టి పంచాంగం చదివించి, ఫోనులో పట్టి, హాలులో ఆ పెట్టెల మీద వినిపించారు.

"ఛీ, అది నా గొంతేమిటి!" అంది అక్కయ్య.

"అచ్చం నువ్వేనమ్మా!" అన్నారు పిల్లలిద్దరూ.

ఎవరి గొంతు వారికి అలాగే ఉంటుంది. మన మాట మనకు గాలిలోంచే కాక, పుర్రె ఎముకల గుండా కూడా వినిపిస్తుంది. లోకానికి వినిపించేది గాలిలో గొంతు ఒక్కటే. కనుక పిల్లల సాక్ష్యమే చెల్లింది. అయినా అక్కయ్యకు ఆ పెట్టెల మీద కోపం పోలేదు.

ఆ సాయంత్రమే బావగారు బీరువాలోంచి బిస్కట్ల డబ్బా తీశారు. అందులో ఒక క్యాసెట్టు ఉంది. 1986లో వాళ్ళమ్మగారు పాడిన మంగళహారతులు. అప్పటి టేప్‌రికార్డరుతో ఆయనే పట్టారు. ఆవిడ పోయి ముప్ఫై ఎనిమిదేళ్ళయింది. ప్రతి ఏడూ తద్దినం నాడు ఆ పాటలు వేస్తూనే ఉంటారు. టీవీ కింది నాజూకు స్పీకరులో అందరమూ చాలాసార్లు విన్నవే. గుండ్రంగా, నిండుగా, ఏదో గుడి మైకులో వచ్చినట్టుండేది.

పాత టేపు మొదలైంది. ముందు బుసబుసమని చప్పుడు. దానివెనక ఫ్యాను కటకట. "ఏమండీ, దీనికంటె అదే నయం" అని అక్కయ్య అంటూండగానే ఆవిడ గొంతు వచ్చింది. గుడి మైకు లేదు. ఎదురుగా చాప మీద కూర్చుని ఒక ముసలావిడ పాడుతోంది. తాళం వేసినప్పుడల్లా గాజులు చప్పుడవుతున్నాయి. దూరంగా ఎవరో బావిలో చేద వేసినట్టున్నారు, గిలక కిర్రుమంది. ఆ బావి పూడ్చి ఇరవై ఏళ్ళు దాటింది.

మూడో పాటలో ఆవిడ చరణం మధ్య ఆగింది. ఊపిరి తీసుకుని మళ్ళీ అందుకుంది. రెండు మాటలు పాడి మళ్ళీ ఊపిరి. చరణం చివర చిన్న దగ్గు, దాన్ని చీరచెంగుతో అదిమినట్టు. ఇన్నేళ్ళుగా అది తాళం కోసం ఆగడమనుకున్నాం. టేపు అరిగిందనుకున్నాం.

"అప్పటికే అత్తయ్యగారికి ఆయాసం వచ్చిందండీ" అంది అక్కయ్య మెల్లగా. "మనం కనిపెట్టలేదు."

బావగారు ఏమీ అనలేదు. ఆవిడ జబ్బు బయటపడింది 1987లో. ఆస్పత్రిలో చేర్చేసరికి ఆలస్యమైందన్నారు. ఆర్నెల్ల ముందే టేపు చెప్పింది. వినిపించే పెట్టె ఆ రోజుల్లో వారింట్లో లేదు. ఉన్నా వినేవారా అంటే, నేను చెప్పలేను. ఎదుట మనిషి ఉన్నప్పుడు పాట వింటాం కాని ఊపిరి లెక్కపెట్టం కదా.

క్యాసెట్టు అయిపోయింది. అలాంటివి వినిపించే పెట్టెను మరొకరైతే ఆ రాత్రే అటక ఎక్కించేవారేమో. అక్కయ్య మాత్రం లోపలికి వెళ్ళి, తను కుట్టిన రెండు గుడ్డలు తెచ్చి, వాటి నెత్తిన దుమ్ము పడకుండా వేసింది. ముందువైపు మాత్రం మూయలేదు. టీవీ పక్కనున్న కుర్చీ తనే ఇవతలికి జరిపింది.

"రేపు తీరిగ్గా రెండో వైపు వేద్దామండీ" అంది. "పిల్లలు కూడా వింటారు."